రొట్టె పెట్టాక అడిగిన పేరు

హలో... వినపడుతోందా అమ్మా? అన్నయ్యలూ, అక్కలూ, అందరూ వచ్చేశారా? పొయ్యి మీద ఏదన్నా ఉంటే మంట తగ్గించుకుని రండి. పోయినవారం లిరియె వాళ్ళ వంటింట్లో సగం తిన్న రొట్టె బల్ల మీద వదిలేసి లేచాం కదా. తెల్లారింది. అది ఇంకా అక్కడే ఉంది. తీసే ధైర్యం ఎవరికీ లేదు.

"వదినా, నువ్వు చేసిన పనికి ఇంటిల్లిపాదీ తల దించుకోవాలి," అన్నాడు సాద్రి. గుమ్మంలోనే నిలబడ్డాడు. భుజానికి తుపాకి ఉంది.

నజ్మియె పొయ్యిలో కట్టె ఎగదోస్తోంది. "బూట్లు విప్పి లోపలికి రావయ్యా సాద్రీ. ఇప్పుడే తుడిచాను."

"బూట్లా! నీ కొడుకుని చంపినోడి తమ్ముడు మన అతిథిగదిలో, మన పరుపు మీద కూర్చుని మన టీ తాగుతున్నాడు. నీకు నేల మాసిపోతుందని బాధ!"

"వాడెవడో తెలిసి పిలిచానా? వీధిలో ఊరేగింపు మీద పోలీసులు కాలుస్తున్నారు. జనం ఎటు పడితే అటు పరిగెడుతున్నారు. ఒక కుర్రాడు దెబ్బతగిలిన చెయ్యి పట్టుకుని మన గేట్లోకి వచ్చి పడ్డాడు. ఒళ్ళంతా నెత్తురు. 'నీళ్ళమ్మా' అన్నాడు. నీళ్ళిచ్చాను. రొట్టె పెట్టాను. ఉప్పు అద్ది మరీ పెట్టాను."

"పేరు అడగొద్దా?"

"వచ్చినవాడి కడుపు నిండాకే పేరు అడగాలని, నేను కాపరానికొచ్చిన మొదటిరోజే మీ అమ్మ నేర్పింది. కావాలంటే గోరీ దగ్గరికెళ్ళి ఆవిడనే లేపి అడుగు."

చచ్చిపోయిన తల్లితో ఎవరు వాదిస్తారు?

టీ గ్లాసులు తుడుస్తున్న లిరియె తల ఎత్తలేదు. ఎత్తితే మొహంలో కనపడిపోతుందని భయం. ఎందుకంటే తల్లికి చూపు ఆనదు గానీ, లిరియెకి ఆనుతుంది. నిన్న గేట్లో పడ్డవాడు రాగిప్ అని ఆమె మొదటి క్షణంలోనే గుర్తుపట్టింది. గుర్తుపట్టి, రొట్టెముక్క వాడి గొంతు దిగేదాకా నోరు విప్పలేదు.

ఒక్కసారి ఆ ఇంటి రొట్టె తిన్నాడా, ఇక వాడు అతిథి. ఇంట్లో ఉన్నంతసేపూ వాడి మీద ఈగ వాలనివ్వకూడదు. కొసొవోలో ప్రభుత్వాలు మారతాయి, జెండాలు మారతాయి, బడులకి తాళాలు పడతాయి, గనుల్లో పనిచేసేవాళ్ళని వీధిలోకి గెంటేస్తారు. ఈ ఒక్క కట్టుబాటు మాత్రం మారదు.

మూడేళ్ళ కిందట, మొక్కజొన్న చేలకి నీటి వంతు దగ్గర మాటామాటా పెరిగి, రాగిప్ వాళ్ళ అన్న, లిరియె వాళ్ళ అన్న షబాన్‌ని కాల్చేశాడు. కాల్చి దేశం దాటేశాడు. దాంతో ప్రాణానికి ప్రాణం ఇవ్వాల్సిన నెత్తురు బాకీ రాగిప్ మీద పడింది. అప్పటికి వాడు కాలేజీలో చదువుతున్నాడు. పొద్దున్నే బస్సులో కిటికీ పక్క సీటు మీద తన సంచి పెట్టి, లిరియె ఎక్కేదాకా ఎవర్నీ కూర్చోనిచ్చేవాడు కాదు. అంతే, ఆ సీటే వాళ్ళ ప్రేమ. నోటితో ఒకళ్ళకొకళ్ళు ఏమీ చెప్పుకోలేదు. చెప్పుకునేలోగా షబాన్ పోయాడు. అప్పటినుంచీ రాగిప్ నాలుగు గోడల మధ్యే. గడప దాటితే చావు.

"నిన్న పోలీసులు వాణ్ణి వెతుక్కుంటూ మన గేటు దాకా వచ్చినప్పుడు ఎవరూ లేరని చెప్పింది ఎవరు బాబాయ్? నువ్వే కదా," అంది లిరియె, గ్లాసుకేసే చూస్తూ.

"నేనే. అయితే?"

"అప్పగిస్తే పోయేది కదా మరి."

"ఆ పరాయి పోలీసులకా?" సాద్రికి నిజంగానే ఒళ్ళు మండింది. "మన పగవాణ్ణి వాళ్ళు తీసుకుపోయి కొడతారా? వాడు మనవాడు! చంపితే మనం చంపాలి."

నజ్మియెకి నవ్వొచ్చింది. పొయ్యి వైపు తిరిగి దగ్గింది.

"నవ్వు వదినా, నవ్వు. ఈ పూట సాగనంపుతారుగా. వాడింటి దగ్గర పోలీసులు కాపు కాస్తున్నారు, ఊరు దాటాల్సిందే. పిండిమర వంతెన దాకా అన్నయ్య తోడెళ్తాడు. ఊరి పొలిమేర అదే. అన్నయ్య వెనక్కి తిరిగాడంటే వాడు అతిథి కాదు. నేను వంతెన దగ్గరే ఉంటా."

తుపాకి సర్దుకుని వెళ్ళిపోయాడు.

లిరియె చేతిలో గ్లాసు జారింది. పగల్లేదు. బల్ల మీద గుండ్రంగా తిరిగి తిరిగి ఆగింది. ఆ గ్లాసు ఆగేలోపు ఆమె దేవుడితో బేరం కుదుర్చుకుంది. వాడు బతికితే చాలు. ఇంకేమీ అడగను. ఎప్పటికీ ఏమీ అడగను.

*

అతిథిగదిలో లిరియె తండ్రి రుస్తెమ్, రాగిప్ ఎదురెదురుగా కూర్చున్నారు. మధ్యలో టీ.

ఇంటిపెద్ద అతిథి దగ్గర పగ సంగతి ఎత్తకూడదు. అందుకని రుస్తెమ్ వానల గురించి మాట్లాడాడు. మొక్కజొన్న గురించి మాట్లాడాడు. మాటలైపోయాయి. కొడుకుని పోగొట్టుకున్న మనిషికి, ఆ కొడుకుని చంపినవాడి తమ్ముడితో మాట్లాడటానికి వానలు ఎంతసేపు వస్తాయి?

లిరియె పళ్ళెం పట్టుకుని గోడవారగా నిలబడింది.

పోయిన నెల ఇదే గదిలో కాలేజీ పిల్లలు వచ్చి కూర్చున్నారు. వాళ్ళు ఊరూరా తిరుగుతున్నారు. 'బయట వాళ్ళు మనల్ని కాలుస్తుంటే లోపల మనల్ని మనం కాల్చుకోవడమేంటి పెద్దాయనా, నెత్తురు మాఫీ చెయ్యండి' అని ఇంటింటికీ వెళ్ళి అడుగుతున్నారు. అడిగింది దొరికేదాకా ఇచ్చిన కాఫీ ముట్టుకోరు. అది కూడా కట్టుబాటే. ఆ రోజు రుస్తెమ్ అవునూ అనలేదు, కాదూ అనలేదు. కప్పుల్లో కాఫీ చల్లారి మీగడ కట్టింది. పిల్లలు లేచి దణ్ణం పెట్టి వెళ్ళిపోయారు. ఆ చల్లారిన కాఫీ పారబొయ్యడానికి రుస్తెమ్ చాలాసేపు ఒప్పుకోలేదు.

"కోటు వేసుకొస్తా," అని రుస్తెమ్ లేచాడు.

తలుపు సగం తెరిచే ఉంది. దొరికిందల్లా ఆ కాస్త సమయం.

"నీకు ఈ గేటే దొరికిందా?" అంది లిరియె, గోడకి చెప్పినట్టు.

"తెరిచి ఉన్నది ఇదొక్కటే."

"ఎవరిల్లో తెలీదా?"

"బస్సులోంచి రోజూ చూసిన గేటు. తెలీకపోవడమేంటి?"

"అసలు ఇల్లు దాటి ఎందుకొచ్చావు? చావాలని ఉందా?"

రాగిప్ కట్టు కట్టిన చెయ్యి ఒళ్ళో పెట్టుకుని చూసుకున్నాడు. "మూడేళ్ళు కిటికీ సందులోంచి వీధి చూశాను లిరియె. నిన్న ఆ వీధి నిండా జనం. ఊరంతా కలిసి ఒకే గొంతుతో అరుస్తున్నారు. మా అమ్మ కాళ్ళు పట్టుకుంది. అయినా ఆగలేకపోయా. చస్తే ఎండలో చద్దామనిపించింది."

"పిచ్చిమాటలాపు. విను. నాన్న పక్కనే నడువు. ముందుకెళ్ళకు, వెనకబడకు. నాన్న నీడ నీ మీద పడుతూనే ఉండాలి."

"వంతెన దాకా. తర్వాత?"

లిరియె పళ్ళెం తీసుకుని బయటికొచ్చేసింది. వచ్చి దూలం వైపు చూసి నిలబడిపోయింది.

మేకు ఖాళీగా ఉంది.

మూడేళ్ళుగా ఆ మేకుకి షబాన్ చొక్కా వేలాడుతోంది. నెత్తుటి మరకతో, ఉతక్కుండా. బదులు తీరేదాకా దాన్ని దించకూడదు. ఇప్పుడు లేదు.

నజ్మియె తలగుడ్డ బిగించుకుని, చంకలో ఒక మూట పెట్టుకుని గేటు దగ్గర నిలబడి ఉంది.

"నువ్వెక్కడికే?" అన్నాడు రుస్తెమ్.

"రొట్టె పెట్టింది నేను. సాగనంపడానికి నేనూ వస్తా."

"ఆడాళ్ళు సాగనంపుతారా ఎక్కడైనా?"

"ఆడాళ్ళు రొట్టె పెట్టొచ్చు గానీ నాలుగడుగులు నడవకూడదా? పద పద, ఎండెక్కుతోంది."

మూటలో ఏముందో లిరియె అడగలేదు. అడక్కుండానే తెలిసింది. ఆ చొక్కా బయటికి తీశారంటే పగ తీర్చమని అడిగినట్టే.

*

రోడ్డు నిండా జనం.

ఆ రోజే ఏటి పక్క మైదానంలో పెద్ద కూడిక. నెత్తురు మాఫీ చేసేవాళ్ళంతా పదిమందిలో చేస్తారట. ట్రాక్టర్ల మీద, గుర్రబ్బళ్ళ మీద, ఎక్కువమంది కాలినడకన. తెల్ల ఉన్ని టోపీల ముసలాళ్ళు, చంటిపిల్లల తల్లులు. అంతమంది నడుస్తున్నా గోల లేదు. అడుగుల చప్పుడు తప్ప ఏమీ లేదు. వానకి ముందు చేలల్లో వచ్చే చప్పుడు లాంటిది.

రుస్తెమ్ పక్కన రాగిప్. వాళ్ళ వెనక తల్లీకూతుళ్ళు.

పిండిమర వంతెన వచ్చింది. ఆ చివర పిట్టగోడ మీద సాద్రి కూర్చుని ఉన్నాడు. వీళ్ళని చూసి లేచాడు. తుపాకి భుజం మీంచి చేతిలోకొచ్చింది.

రుస్తెమ్ అడుగు నెమ్మదించింది.

నీళ్ళు వంతెన కింద పోతూనే ఉన్నాయి. ఆ నీళ్ళ కోసమే షబాన్ పోయింది. రుస్తెమ్ టోపీ తీసి, చెమట తుడుచుకుని, మళ్ళీ పెట్టుకున్నాడు. ఇప్పుడు అతిథికి చెయ్యి కలిపి, 'దారి చల్లగా ఉండాలి' అని వెనక్కి తిరగాలి. అదీ పద్ధతి.

"సాద్రీ," అన్నాడు. "ఇవాళ గాలి బాగుందిరా. ఇంకొంచెం దూరం నడుస్తా."

"అన్నా! పొలిమేర ఇదే."

"పొలిమేర ఊరికి. అతిథికి పొలిమేర నేనాగిన చోటు. నేనింకా ఆగలేదు."

నడిచాడు. రాగిప్ ఆ పక్కనే నడిచాడు. తుపాకి పట్టుకున్న తమ్ముడి మోచెయ్యి తగిలేంత దగ్గర్నుంచి ఇద్దరూ దాటిపోయారు.

"అన్నా, ఎంతదూరం నడుస్తావేంటి? ఎప్పుడో ఒకప్పుడు ఆగాలిగా!" అని సాద్రి వెనకనుంచి కేకేశాడు.

"ఆగినప్పుడు చూద్దాంలే. రా నువ్వూ. ఖాళీగానే ఉన్నావుగా."

పక్కన నడుస్తున్న ముసలాయనెవరో ఫక్కుమన్నాడు. సాద్రి మొహం కందగడ్డయింది. అయినా తుపాకి భుజాన వేసుకుని వెనకే వచ్చాడు. తిడుతూనే వచ్చాడు.

పక్క ఊరొచ్చింది. రుస్తెమ్ ఆగలేదు. ఆ పై ఊరొచ్చింది. ఎప్పట్నుంచో పాడైన మోకాలు పట్టేసింది. మనిషి ఒక పక్కకి ఒరుగుతున్నాడు. రాగిప్ బాగున్న చెయ్యి అందించాడు.

"అక్కర్లేదు," అన్నాడు రుస్తెమ్.

మళ్ళీ కొంతదూరం పోయాక, ఏమీ అనకుండా, ఆ కుర్రాడి భుజం మీద చెయ్యి వేశాడు. బరువంతా వేశాడు. లిరియె వెనకనుంచి చూస్తోంది. షబాన్ బతికున్నప్పుడు సంతనుంచి వచ్చేటప్పుడు నాన్న అలాగే నడిచేవాడు. తల్లి చెయ్యి గట్టిగా పట్టుకుంది.

దారి మలుపు తిరిగారు. మైదానం కనపడింది.

పచ్చిక కనపడలేదు. నేల కనపడలేదు. ఏటి ఒడ్డు నుంచి కొండ మొదలు దాకా మనుషులే. చెట్ల కొమ్మల మీద మనుషులు. కొండ మీద పోలీసు బండ్లు వరసగా ఆగి ఉన్నాయి. ఒక్కటీ కిందికి దిగలేదు. దిగడానికి చోటు లేక కాదు, అంత నిశ్శబ్దంలోకి దిగడానికి వాళ్ళకీ ధైర్యం చాల్లేదేమో.

మధ్యలో ఒక ట్రాలీ. దాని మీదికి ఒక్కొక్కళ్ళు ఎక్కుతున్నారు. ఒకాయన ఎక్కాడు. 'నా తమ్ముడి నెత్తురు మాఫీ చేశాను' అన్నాడు. అంతే. ఎదురుగా ఉన్నవాళ్ళు ఒక్కసారి చేతులెత్తారు. ఆ చేతులు వెనక్కి, వెనక్కి, కొండ దాకా లేచుకుంటూ పోయాయి. గాలికి గోధుమచేను వంగినట్టు.

లిరియె చెంపలు తడిసిపోయాయి. ఎప్పుడు తడిసాయో తెలీదు. నిన్న తమ మీద తుపాకులు పేలాయి. రేపు ఏమవుతుందో ఎవరికీ తెలీదు. ఆ మధ్యలో ఇంతమంది కలిసి, చేతిలో ఉన్న ఒకే ఒక్క ఆయుధాన్ని కింద పెట్టేస్తున్నారు. మనుషులు ఇంతవాళ్ళా అనిపించింది. తను రోజూ చూసే మనుషులేనా వీళ్ళు?

*

జనం దారిచ్చారు. రుస్తెమ్ నడుచుకుంటూ ట్రాలీ దాకా వెళ్ళాడు. పైనున్న పెద్దమనిషి వంగి, "మాఫీ చెయ్యడానికొచ్చారా?" అని అడిగాడు.

"కాదు," అన్నాడు రుస్తెమ్. "అతిథిని దిగబెట్టడానికొచ్చా. నేనాగితే మా తమ్ముడు వీణ్ణి చంపుతాడు. అందుకని ఆగలేదు. ఇప్పుడు మోకాలు సాగట్లేదు. ఇంకెక్కడికి తీసుకెళ్ళాలో మీరే చెప్పండి."

ఆ మాట వెనక వరసలకి ఒకళ్ళనుంచి ఒకళ్ళకి చేరుతోంది. చేరిన చోటల్లా నిశ్శబ్దం అయిపోతోంది.

"మాఫీ నా చేతిలో లేదు," అన్నాడు రుస్తెమ్ మళ్ళీ. "రొట్టె పెట్టింది మా ఆవిడ. కన్నదీ ఆవిడే. ఆవిణ్ణే అడగండి."

నజ్మియె ముందుకొచ్చింది. కన్ను ఆనక ట్రాలీ అంచు తడుముకుంది. రాగిప్ చెయ్యందిస్తే పట్టుకుని ఎక్కింది. వెనకే వాళ్ళిద్దరూ ఎక్కారు. మూట విప్పింది.

చొక్కా చూసి ముందు వరసలో ఆడవాళ్ళు గుండెలు బాదుకున్నారు. లిరియె కళ్ళు మూసుకుంది. అయిపోయింది, ఇక వాడు బతకడు అనుకుంది.

"ఇది నా షబాన్ చొక్కా," అంది నజ్మియె. పెద్ద గొంతు కాదు. కానీ అందరికీ వినపడింది. "నా బిడ్డ గట్టు మీద పడి, పోయేముందు నీళ్ళడిగాడంట. ఎవరూ ఇవ్వలేదు. చుట్టూ నీళ్ళే. ఎవరూ ఇవ్వలేదు."

చొక్కా మీది మరకని వేళ్ళతో తడిమింది.

"నిన్న ఈ పిల్లాడు నీళ్ళడిగాడు. మా మరిది అంటున్నాడు, వదినకి కళ్ళు కనపడక పొరపాటు చేసిందని. కళ్ళు కనపడవు, నిజమే. నీళ్ళు తాగి 'చల్లగా ఉండమ్మా' అన్నాడు. ఆ గొంతు అచ్చం వాళ్ళమ్మ గొంతు. ఇద్దరం ఒకే బావిలో నీళ్ళు తోడుకున్నవాళ్ళం, నాకు తెలీదా?" తలెత్తింది. "నీళ్ళు తెలియక ఇచ్చాను. రొట్టె తెలిసే పెట్టాను."

లిరియె కళ్ళు తెరిచింది. అంటే ఆ వంటింట్లో, ఆ సాయంత్రం, తల్లీకూతుళ్ళిద్దరికీ తెలుసు. ఒకళ్ళ దగ్గర ఒకళ్ళు దాచుకుని, ఇద్దరూ ఆ రొట్టె వాడి గొంతు దిగేదాకా ఊపిరి బిగబట్టుకుని నిలబడ్డారు!

నజ్మియె చొక్కా మడిచింది. పసివాడి చొక్కా మడిచినట్టు, చేతులు లోపలికి పెట్టి, నిదానంగా మడిచింది. మడిచి మొగుడి చేతిలో పెట్టింది.

"ఇంటికెళ్ళాక ఉతుకుతాను," అంది.

రుస్తెమ్ ఆ చొక్కా గుండెకి హత్తుకున్నాడు. "నా కొడుకు నెత్తురు మాఫీ చేశాను," అన్నాడు. "జనం పేరున. పిల్లల పేరున."

చేతులు లేచాయి. కొండ దాకా లేచాయి. లిరియె వెనక్కి తిరిగి సాద్రి కోసం చూసింది. అతను తుపాకి నేలకి ఆనించి, దాని మీదే వాలి, చంటిపిల్లాడిలా ఏడుస్తున్నాడు. పక్కనెవరో ముక్కూమొహం తెలీనాయన అతని వీపు నిమురుతున్నాడు.

వాడు బతికాడు. దేవుడు మాట నిలబెట్టుకున్నాడు. ఇంతమందిలో, పట్టపగలు, ఎండలో నిలబడి ఉన్నాడు రాగిప్. ఇప్పుడు వాడు బస్సెక్కొచ్చు. కిటికీ పక్క సీటు మీద సంచి పెట్టొచ్చు. లిరియె గుండెలో ఏదో విచ్చుకుంటోంది.

అప్పుడు రుస్తెమ్ మళ్ళీ గొంతెత్తాడు.

"ఇంకో మాట. నెత్తురు కడిగేసుకుంటే చాలదు, నెత్తురు కలుపుకోవాలి అనేవాడు మా నాన్న. ఈ రోజు నుంచి వీడు నాకు పరాయివాడు కాడు. షబాన్ చోట నిలబడ్డాడు. వీడే నా కొడుకు!"

మైదానమంతా హోరెత్తింది. ముసలాళ్ళు టోపీలు ఎగరేశారు. అంతకన్నా పెద్ద మాట ఆ నేల మీద లేదు. అంతమందిలో అన్న మాటకి తిరుగూ లేదు.

కొడుకు.

లిరియెకి ఆ మాట కాస్త ఆలస్యంగా అర్థమైంది. తండ్రికి కొడుకైతే, తనకేమవుతాడు? అలా కలుపుకున్న వరస, కడుపులో పుట్టిన వరసకన్నా గట్టిది. ఆ వరసలో పెళ్ళి మాట అనుకోవడమే పాపం.

ఏమీ అడగనన్నది తనే. ఎప్పటికీ ఏమీ అడగనంది.

ట్రాలీ మీద రాగిప్ మొహం పాలిపోయింది. వాడికి కూడా అర్థమైంది. అంత హోరులో నజ్మియె ఒక్కతే కదలకుండా నిలబడి, చూపు ఆనని కళ్ళతో కూతురు ఎక్కడుందా అని వెతుకుతోంది.

రుస్తెమ్ సంతోషంగా వంగి చెయ్యి చాపాడు. మూడేళ్ళలో ఆయన నవ్వడం లిరియె ఇప్పుడే చూసింది.

"లిరియె, పైకి రా తల్లీ. ఇంతమంది చూస్తుండగా అన్నయ్య చెయ్యి పట్టుకో."

దారిచ్చిన జనం అందరూ ఆమె వైపే చూస్తున్నారు.

లిరియె కాళ్ళు కదల్లేదు.

...

ఇదిగో, ఫోన్ పెట్టేసేముందు ఒక్క మాట. మీకు మాటలు మానేసిన మనిషి ఒకరుంటారు. అన్నో తమ్ముడో, పాలివాడో, పక్కింటివాడో. నేను చెప్పింది చెప్పినట్టుగా ఈ కథ వాళ్ళకి పంపండి. కింద మీరేమీ రాయక్కర్లేదు. వాళ్ళేమీ జవాబివ్వకపోయినా నొచ్చుకోకండి. ఇచ్చిన కాఫీ చల్లారినా, ఇచ్చినట్టే.